బెంగాల్ పిల్లి అవునా, కాదా? ఒళ్లు చూసి తెలుసుకోవడం ఎలా

తిరుపతిలో బెంగాల్ పిల్లి కావాలనేవాళ్లు ఈమధ్య బాగా పెరిగారు. చెన్నై నుంచో బెంగళూరు నుంచో కూనను తెప్పించి ఇస్తామని ఎవరో ఒకరు అంటారు. వాట్సాప్‌లో రెండు ఫోటోలు, ఒక చిన్న వీడియో పంపుతారు. ఒంటి మీద మచ్చలు కనపడగానే మనసు ఆగదు, అడ్వాన్సు పంపేస్తాం. నాలుగైదు నెలలు తిరిగి కూన బొచ్చు పోయి అసలు బొచ్చు వచ్చేసరికి, మచ్చలనుకున్నవి తెగిన చారలని తేలుతుంది. మన వీధి చారల పిల్లికి నేను ఏ వంకా పెట్టను. గట్టి ప్రాణం, తెలివైన జీవం. దాన్ని తెచ్చి పెంచుకుంటే సంతోషమే. కానీ దాన్నే వేలకు వేలు పోసి వేరే పేరుతో కొనాల్సిన అవసరం ఎవరికీ లేదు.

ఇంకో ఇబ్బంది మన ఊరికే ఉన్నది. శేషాచలం అడవి ఊరిని ఆనుకునే ఉంది. అలిపిరి మెట్ల దారిలో, యూనివర్సిటీ క్యాంపస్ వైపు చిరుతలు కనిపించిన సంగతి ఇక్కడ చిన్నపిల్లలకు కూడా తెలుసు. అందుకే సాయంత్రం పూట మచ్చల పిల్లి ఏదైనా కాంపౌండ్ గోడ ఎక్కితే చాలు, "అన్నా, చిరతపిల్ల మాదిరి ఏందో ఉండాది, రా చూడు" అని టెన్షన్ మొదలవుతుంది. పెంచుకునే పిల్లిని జనం రాళ్లతో కొట్టే ప్రమాదం ఉంది. దానికన్నా పెద్ద ప్రమాదం, నిజంగా అడవి నుంచి వచ్చిన కూనను పెంపుడు పిల్లి అనుకుని ఇంటికి తెచ్చుకోవడం.

ఈ రెంటికీ ఒకటే దారి. పిల్లి ఒంటిని ఒక వరసలో చూడటం అలవాటు చేసుకోవాలి. నేను చెప్పే వరసలో మచ్చలు దాదాపు ఆఖరున వస్తాయి. అందరూ మొదట చూసేది మచ్చలనే, అమ్మేవాళ్లు చూపించేదీ మచ్చలనే. ఫోటోలో రంగు పెంచొచ్చు, మచ్చ నల్లగా కనపడేలా చేయొచ్చు. ఎముక తీరును, తల ఆకారాన్ని, చెవుల కొలతను, తోక లావును మార్చడం ఎవరి చేతిలోనూ లేదు.

చూడబోయే ముందు, దీని పుట్టుక

బెంగాల్ సంకరజాతి. ఏషియన్ లెపర్డ్ క్యాట్ అనే చిన్న అడవిపిల్లిని ఇంటిపిల్లితో కలిపి తయారుచేసిన జాతి ఇది. అమెరికాలో జీన్ మిల్ అనే ఆవిడ 1963లో తొలిసారి ఇలాంటి కలయిక చేశారు. చాలా ఏళ్లు ఆగి, 1980ల్లో ఆ పనిని మళ్లీ పట్టుకున్నారు. విలార్డ్ సెంటర్‌వాల్ అనే డాక్టరు పిల్లుల్లో వచ్చే ల్యుకేమియా మీద పరిశోధన కోసం పుట్టించిన సంకర పిల్లులు అప్పుడు ఆవిడ చేతికి వచ్చాయి. ఇప్పుడున్న జాతికి అవే పునాది. టీఐసీఏ అనే అంతర్జాతీయ పిల్లుల సంఘం 1991లో బెంగాల్‌కు చాంపియన్‌షిప్ హోదా ఇచ్చింది.

లెపర్డ్ క్యాట్‌కు నేరుగా పుట్టిన సంకరాన్ని ఎఫ్1 అంటారు, దాని సంతానం ఎఫ్2, ఆ తర్వాతది ఎఫ్3. ఈ మొదటి తరాల్లో మగపిల్లులకు సాధారణంగా సంతానం కలగదు. పెంచేవాళ్ల లెక్కలో నాలుగో తరం నుంచి ఇంటిపిల్లి కిందే. మనం ఇళ్లలో చూసే బెంగాల్ పిల్లులు అడవి రక్తానికి ఎన్నో తరాల దూరంలో ఉన్నవి. కాబట్టి ఎవరైనా "ఇది ఎఫ్1 సార్, సగం అడవి రక్తం" అని గొప్పగా చెబితే అక్కడితో మాట ఆపేయండి. ఆ మాట అబద్ధమైతే డబ్బు పోతుంది. నిజమైతే ఇంకా చిక్కు. లెపర్డ్ క్యాట్ మన వన్యప్రాణి సంరక్షణ చట్టంలో మొదటి షెడ్యూల్ జంతువు, అంటే అన్నిటికన్నా గట్టి రక్షణ ఉన్నది. వన్యజీవుల వ్యాపారం మీద ఉన్న అంతర్జాతీయ ఒప్పందం కూడా దగ్గరి నాలుగు తరాల్లో అడవి రక్తం ఉన్న సంకరాలను అడవి జంతువుల లెక్కలోనే చూస్తుంది.

జాతికి గుర్తులుగా కింద చెప్పేవన్నీ ఆ అడవిపిల్లి రూపాన్ని ఇంటిపిల్లిలో నిలబెట్టాలన్న ప్రయత్నం నుంచి వచ్చినవి. రాత్రి వేటాడే ఆ చిన్న అడవిపిల్లికి పెద్ద కళ్లు, చిన్న గుండ్రటి చెవులు, బలమైన వెనక కాళ్లు ఉంటాయి. ఇది మనసులో పెట్టుకుంటే గుర్తులు బట్టీ పట్టాల్సిన పని ఉండదు.

1. వెలుతురు, చోటు చూసుకోండి

ఉదయం ఎండ కిటికీలోంచి గదిలో పడే వేళ మంచిది. ట్యూబ్‌లైట్ కింద బొచ్చు అసలు రంగు తెలియదు, గోధుమ రంగు బూడిద రంగులా కనిపిస్తుంది. మిద్దె మీదకో వసారాలోకో తీసుకెళ్లి చూడొద్దు. కొత్త చోట బెదిరిన పిల్లి ఒక్క ఎగురుకు పక్కింటి గోడ మీద ఉంటుంది. తలుపులు మూసిన గదిలో వదిలి, మీరు ఒక మూల కింద కూర్చోండి. పిల్లిని పిలవొద్దు, పట్టుకోవద్దు. కాసేపటికి అదే గది అంతా వాసన చూస్తూ తిరుగుతుంది. మీకు కావాల్సింది ఆ నడక.

దూరంలో ఉన్న కూనను వీడియోలో చూస్తున్నారా? అయితే పగటి వెలుతురులో, ఫిల్టర్ లేకుండా, పిల్లి పక్కకు తిరిగి నడుస్తున్నప్పుడు తీసిన వీడియో అడగండి. ఒళ్లో పెట్టుకుని తీసిన వీడియోలో ఏమీ తెలియదు.

2. నడక, ఒళ్లు

బెంగాల్ ఒళ్లు పొడుగు. సన్నగా ఉండదు, కండ పట్టి ఉంటుంది. వెనక కాళ్లు ముందు కాళ్లకన్నా కొంచెం పొడుగు కాబట్టి నడిచేటప్పుడు భుజాలకన్నా తుంటి ఎత్తుగా కనిపిస్తుంది. తల కాస్త కిందికి పెట్టి, పొంచినట్టు నడుస్తుంది. మెడ లావు, పొడుగు, తలకూ భుజానికీ మధ్య గట్టిగా తెలుస్తుంది. పాదాలు పెద్దవి, గుండ్రం, వేళ్ల కణుపులు ఉబ్బి కనిపిస్తాయి.

మన వీధి పిల్లికి ఛాతీ ఇరుకు, కాళ్లు సన్నం, మెడ నాజూకు. పర్షియన్ కలిసిన పిల్లికి ఒళ్లు పొట్టి, కాళ్లు పొట్టి, బొచ్చు పొడుగు. ఈ తేడా రెండు నిమిషాల నడకలో తేలిపోతుంది.

ఎదిగిన పిల్లయితే ఎత్తుకుని చూడండి. బెంగాల్ చూపుకన్నా బరువుగా అనిపిస్తుంది. మగది సుమారు 5 నుంచి 7 కిలోలు, ఆడది 3.5 నుంచి 5 కిలోలు తూగుతుంది. పిల్లిని నేరుగా కాటా మీద నిలబెట్టడం కష్టం. దాన్ని ఎత్తుకుని మీరు కాటా ఎక్కండి, తర్వాత ఒక్కరే ఎక్కి తేడా తీసుకోండి. పూర్తిగా ఎదగడానికి ఏడాదిన్నర నుంచి రెండేళ్లు పడుతుంది కాబట్టి కూన దగ్గర ఈ లెక్కలు పెట్టుకోవద్దు. ఏనుగంత అవుతుందన్నట్టు అమ్మేవాళ్లు చెప్పే మాటలూ నమ్మొద్దు. బెంగాల్ మధ్యస్థం నుంచి కాస్త పెద్ద సైజు పిల్లి, అంతే.

3. తల

ఇక్కడ కొంచెం ఎక్కువసేపు ఆగండి. నా వరకైతే బెంగాల్‌ను పట్టిచ్చేది తలే.

ఒంటితో పోలిస్తే తల కొంచెం చిన్నది. వెడల్పుకన్నా పొడుగు ఎక్కువ, అంచులన్నీ గుండ్రం. పక్క నుంచి చూస్తే నుదురు నుంచి ముక్కు మీదకు మెత్తగా వంపు తిరిగి, దాదాపు తిన్నగా దిగుతుంది. పర్షియన్‌లా మధ్యలో గుంట పడదు. ముక్కు వెడల్పు, పెద్దది, కొన కాస్త ఉబ్బినట్టు ఉంటుంది. గోధుమ రంగు బెంగాల్‌లో ముక్కు చర్మం ఇటుక రంగులో ఉండి చుట్టూ నల్లటి అంచు గీసినట్టు కనిపిస్తుంది. మీసాలు మొలిచే చోటు రెండు పక్కలా నిండుగా ఉబ్బి ఉంటుంది. గడ్డం గట్టిది, లోపలికి జారిపోదు.

వీధి చారల పిల్లిని ఎదురుగా కూర్చోబెట్టి చూస్తే ముఖం చాలాసార్లు త్రికోణంగా, ముక్కు సన్నగా, గడ్డం చిన్నగా ఉంటుంది. నుదుటి మీద ఇంగ్లీషు ఎం అక్షరం ఆకారంలో గీత రెంటికీ ఉంటుంది. అది చారలు, మచ్చల పిల్లులన్నింటికీ ఉండేదే. "ఎం మార్కు ఉంది చూడండి, ఒరిజినల్" అనే మాటకు విలువ లేదు.

కంటి చివర నుంచి చెంప మీదకు దిగే నల్లటి గీతలు కూడా చూడండి. కాటుక పక్కకు లాగినట్టు ఉంటాయి. బెంగాల్‌లో ఇవి గాఢంగా ఉండి, కళ్ల చుట్టూ లేత రంగు వలయం తెలుస్తుంది. గడ్డం, చెంపలు, మీసాల చోటు దాదాపు తెల్లగా ఉంటే ఇంకా మంచిది, అది అడవిపిల్లి నుంచి దిగిన గుర్తు.

4. చెవులు

చెవులు చిన్నవి, లేదా మధ్యస్థం. మొదలు వెడల్పు, కొస గుండ్రం. తల పైన ఎంత ఉంటాయో పక్కల్లో అంత ఉంటాయి, కొంచెం ముందుకు వంగి ఉంటాయి. కొసల్లో కుచ్చులా వెంట్రుకలు ఉండటం ఈ జాతిలో కోరుకునే లక్షణం కాదు.

ఇప్పుడు చెవి వెనక చూడండి. చుట్టూ ముదురు రంగు, మధ్యలో బొటనవేలు అద్దినంత లేత మచ్చ ఉంటే మంచి గుర్తు. కానీ చారల పిల్లుల్లో కూడా చెవి వెనక మసకగా లేత రంగు కనిపించే అవకాశం ఉంది. దీన్ని ఒక్కదాన్నే పట్టుకుని తీర్పు చెప్పొద్దు.

5. కళ్లు

పెద్దవి, కోలగా మొదలై గుండ్రానికి దగ్గరగా ఉంటాయి, రెంటి మధ్య దూరం ఎక్కువ. గోధుమ, వెండి రంగు పిల్లుల్లో కళ్లు ఆకుపచ్చ, బంగారు రంగుల్లో, వాటి మధ్య ఛాయల్లో ఉంటాయి. నీలి కళ్లు లేత రంగు స్నో రకాల్లో ఒకదానికి, లింక్స్ పాయింట్‌కు, మాత్రమే జీవితాంతం ఉంటాయి. మింక్ అనే ఇంకో స్నో రకానికి నీలం, ఆకుపచ్చ కలిసిన రంగు వస్తుంది.

ఇక్కడ ఒక మోసం జరుగుతుంది. ఏ పిల్లి కూనకైనా పుట్టిన మొదటి వారాల్లో కళ్లు నీలమే. ఆరేడు వారాల తర్వాత అసలు రంగు తిరుగుతుంది. గోధుమ రంగు కూనను నెల వయసులో చూపించి "నీలి కళ్ల బెంగాల్, రేర్ పీస్" అని ధర పెంచితే ఆ మాట ఎన్నాళ్లు నిలుస్తుందో మీకే తెలుస్తుంది.

6. తోక, పొట్ట, అరికాళ్లు

తోక మధ్యస్థం పొడుగు, లావు. చివరికి కొంచెం సన్నబడుతుంది కానీ కొన మొద్దుగా గుండ్రంగా ఉంటుంది. తోక మీద వలయాలో మచ్చలో ఉండి, కొన ముదురు రంగులో ముగుస్తుంది. గోధుమ రంగు పిల్లిలో ఆ కొన నలుపు. వీధి పిల్లి తోక చివరికి సన్నగా సూదిగా పోతుంది.

పొట్ట చాలా ముఖ్యం, ఎవరూ చూడరు. బెంగాల్ పొట్ట లేత రంగు, దాని మీద మచ్చలు తప్పకుండా ఉండాలి. మచ్చలేని పొట్టను ఈ జాతిలో తప్పుగా లెక్కిస్తారు. అలాగని పిల్లిని వెల్లకిలా పడేసి చూడబోతే చేతులు గీరుకుంటాయి. ఒక పుల్లకు దారం కట్టి పైన ఆడించండి, వెనక కాళ్ల మీద లేచి అందుకోబోతుంది. ఆ క్షణంలో పొట్ట, లోపలి తొడలు అన్నీ కనిపిస్తాయి. ఫోన్‌లో వీడియో తీసి పెట్టుకుని తర్వాత ఆపి ఆపి చూసుకోండి.

గోధుమ రంగు పిల్లి అరికాలి మెత్తలు నల్లగా ఉంటాయి. మెడ కింద గానీ ఛాతీ మీద గానీ పాలలాంటి తెల్లటి పట్టీ విడిగా ఉంటే పోటీల్లో దాన్ని లోపంగా చూస్తారు. ఇంట్లో పెంచుకోవడానికి అది ఏ అడ్డూ కాదు. నాలుగు పాదాలూ తెల్లగా, ముఖం సగం తెల్లగా ఉంటే మాత్రం బెంగాల్ అన్న మాట మర్చిపోండి.

7. ఇప్పుడు మచ్చలు

ఇక్కడ చూడాల్సినవి మూడు: ఆకారం, వరస, అంచు.

ఆకారంలో విడి మచ్చ ఒక రకం, రోజెట్ ఇంకో రకం. విడి మచ్చ ఒకే రంగు. రోజెట్‌లో రెండు రంగులు ఉంటాయి: బయట ముదురు అంచు, లోపల దానికన్నా లేతగా, చుట్టూ ఉన్న బొచ్చుకన్నా ముదురుగా ఉండే రంగు. కొన్నింటిలో అంచు పూర్తి వలయం, కొన్నింటిలో బాణం మొన ఆకారం, కొన్నింటిలో పంజా గుర్తు ఆకారం. రోజెట్లు బాగా తెలిసే పిల్లికి ధర ఎక్కువ. విడి మచ్చల పిల్లి కూడా బెంగాలే, దాన్ని తక్కువగా చూడక్కర్లేదు. తల, కాళ్ల మీద మాత్రం అన్నిటికీ విడి మచ్చలు, పట్టీలే ఉంటాయి.

రోజెట్ అంటే ఏమిటో కళ్లకు అలవాటు కావాలంటే మనకు దగ్గర్లోనే ఎస్వీ జూ ఉంది. చిరుత పక్కటెముకల మీద, తుంటి మీద చూడండి: నల్లటి ముక్కలు గుంపుగా చేరి వలయం కట్టి, మధ్యలో బొచ్చు కాస్త ముదురుగా ఉంటుంది. మెడ మీద, కాళ్ల కిందికి వచ్చేసరికి వలయం పోయి ఉత్త మచ్చలవుతాయి. ఒక గంట అక్కడ నిలబడి చూస్తే తర్వాత ఏ ఫోటో మిమ్మల్ని మోసం చేయదు. పనిలో పనిగా దాని చెవుల వెనక నలుపు, మధ్య తెల్ల మచ్చ కూడా గమనించండి.

వరస సంగతి. బెంగాల్ ఒంటి మీద మచ్చలు తల నుంచి తోక వైపుకు అడ్డంగా పారతాయి, లేదా చెల్లాచెదరుగా ఉంటాయి. వెన్ను నుంచి పొట్టకు నిలువుగా దిగే వరసలో ఉంటే అవి తెగిన చారలు. ఈ ఒక్క పరీక్షలో చాలా కూనలు తప్పుతాయి. పక్కటెముకల దగ్గర వేలు పెట్టి ఒక మచ్చ నుంచి పక్క మచ్చకు జరపండి. వేలు పై నుంచి కిందికి తిన్నగా పోతుంటే అనుమానించండి. కొన్ని మంచి బెంగాల్ పిల్లుల్లో కూడా పక్కటెముకల మీద కొద్దిగా నిలువు చార ఉంటుంది, ఒళ్లంతా ఉండదు.

అంచు స్పష్టంగా, ఒంటి రంగుకూ మచ్చ రంగుకూ తేడా గట్టిగా ఉండాలి. మసకగా, మధ్యలో బూడిద వెంట్రుకలు కలిసిపోయి ఉంటే నాణ్యత తక్కువ.

మార్బుల్ అనేది వేరే తీరు. మచ్చలు ఉండవు, ముదురు, లేత రంగులు ఒంటి పొడవునా పాయలుగా సుడి తిరుగుతాయి. పాలల్లో డికాషన్ పోసి ఇంకా కలపకముందు కనిపించే చాళ్లను గుర్తు చేసుకోండి, అలా ఉంటుంది. మార్బుల్‌ను చూసి మచ్చలు లేవని వద్దనేవాళ్లు ఉన్నారు. నాకైతే మంచి మార్బుల్ పిల్లి కన్నా అందమైనది లేదు.

రంగుల్లో గోధుమ, స్నో, వెండి ఎక్కువగా కనిపిస్తాయి. గోధుమ అంటే బంగారు, ఇటుక, ఇసుక ఛాయల ఒంటి మీద నలుపో ముదురు గోధుమో మచ్చలు. స్నో కూన దాదాపు తెల్లగా పుడుతుంది, మచ్చలు వారాలు గడిచేకొద్దీ పైకి తేలతాయి. స్నో కొనేటప్పుడు ఓపిక కావాలి. చార్‌కోల్ అనే రకానికి ముఖం మీద ముదురు ముసుగు, వెన్ను పొడవునా నల్లటి పట్టా ఉంటాయి. ఇందులో ఒక జన్యువు లెపర్డ్ క్యాట్ నుంచి వచ్చినదే.

వెండి రంగు దగ్గర జాగ్రత్త. బూడిద రంగు వీధి చారల పిల్లిని "సిల్వర్ బెంగాల్" అని అంటగట్టడం తేలిక. మచ్చ లేని చోట, తుంటి మీద, బొచ్చులోకి మెల్లగా ఊదండి. వెంట్రుకలు విడిపోయి మొదలు కనిపిస్తుంది. నిజమైన వెండి పిల్లిలో వెంట్రుక మొదలు తెల్లగా ఉంటుంది. మట్టి రంగు ఛాయ కనిపిస్తే అది వెండి కాదు.

ఇక మెరుపు. కొన్ని బెంగాల్ పిల్లుల బొచ్చు ఎండలో బంగారు పొడి చల్లినట్టు మెరుస్తుంది, దాన్ని గ్లిటర్ అంటారు. ఈ మెరుపుకు మన దేశంతో సంబంధం ఉంది. 1982లో జీన్ మిల్ ఢిల్లీ జూలో ఖడ్గమృగం ఆవరణ దగ్గర తిరుగుతున్న ఒక నారింజ రంగు మచ్చల పిల్లిని చూసి, దాన్ని అమెరికాకు తెప్పించుకున్నారు. ఆ పిల్లి బొచ్చులోని మెరుపే తరతరాలుగా ఈ జాతిలోకి పాకింది. ఏ ఊరి పేరూ లేని ఒక వీధి పిల్లి ప్రపంచం మొత్తం మీద ఒక జాతికి మెరుపు ఇచ్చిందంటే నాకు ఇప్పటికీ గర్వంగా ఉంటుంది. మెరుపు అన్నింటికీ ఉండదు, లేకపోయినా బెంగాలే. బొచ్చు మాత్రం పొట్టిగా, దట్టంగా, చేతికి పట్టులా తగలాలి.

8. వయసును లెక్కలోకి తీసుకోండి

బెంగాల్ కూనల దగ్గర ఒక చిత్రం ఉంది. సుమారు నాలుగు వారాల వయసులో ఒంటి మీద పొడుగ్గా, గజిబిజిగా బూడిద వెంట్రుకలు లేచి మచ్చల్ని కప్పేస్తాయి. అడవిలో కూనను శత్రువు కంట పడకుండా కాచే ఏర్పాటు ఇది. మూడు, నాలుగు నెలలకు ఈ నూగు పోయి మచ్చలు తేటగా బయటపడతాయి. మధ్యలో చూసినవాళ్లు "మొదటి ఫోటోలో ఉన్న మచ్చలు ఏవి" అని గాబరా పడతారు. ఆ గజిబిజి ఉండటమే మంచి సూచన.

పన్నెండు వారాలు నిండని కూనను తీసుకోవద్దు. అంతవరకు తల్లి దగ్గర ఉండటం దాని స్వభావానికీ మంచిది. ఆ వయసులో కూడా తేలకపోతే కూనను వదిలి తల్లిదండ్రుల్ని చూపించమనండి. పైన చెప్పిన తల, తోక, పొట్ట అన్నీ వాటి మీద చూడండి. తల్లిని కూడా చూపించలేనివాడి దగ్గర కొనొద్దు.

9. పోలిక ఉన్నవి

విదేశీ జాతుల్లో ఈజిప్షియన్ మావ్, ఆసీక్యాట్ మచ్చలతో ఉంటాయి, కానీ రెంటిలోనూ అడవి రక్తం లేదు, రోజెట్లు ఉండవు. టాయ్‌గర్ బెంగాల్ నుంచి వచ్చినదే, దానికి పులి చారలు. సవానా పిల్లి ఆఫ్రికా సెర్వల్ సంకరం: పొడుగు కాళ్లు, నెత్తిన నిక్కిన పెద్ద చెవులు, పొట్టి తోక. దాన్నీ బెంగాల్‌నూ పక్కపక్కన చూస్తే పొరపాటు పడే అవకాశమే లేదు.

మనకు అసలు జాగ్రత్త కావాల్సింది స్థానిక అడవి జంతువుల విషయంలో. చెరకు నరికేటప్పుడు తోటల్లో జంగిల్ క్యాట్ అనే అడవిపిల్లి కూనలు బయటపడతాయి. పసిగా ఉన్నప్పుడు వాటికి కూడా చారలు, మచ్చలు ఉంటాయి, పెద్దయ్యాక ఒళ్లు ఒకటే ఇసుక రంగుకు తిరిగి కాళ్ల మీద మాత్రం చారలు మిగులుతాయి. చెవి కొసన చిన్న నల్ల వెంట్రుకలు, పొట్టి తోక వాటి గుర్తు. నామాలపిల్లి ఇంకా చిన్నది, ఎదిగినా ఒకటిన్నర కిలో చుట్టుపక్కలే. బూడిద ఒంటి మీద తుప్పు రంగు మచ్చలు వరసల్లో ఉంటాయి, నుదుటి మీద గీతలు నిలువుగా నెత్తి దాకా పోతాయి, తోక మీద గుర్తులు సరిగా తెలియవు. ఎదిగిన పిల్లి అంత బుల్లిగా ఉంటే బెంగాల్ అనే ప్రశ్నే రాదు.

చిరుత కూన విషయం ఎక్కువ జాగ్రత్త. ఉన్ని లాంటి బూడిద బొచ్చు, లావు కాళ్లు, ఒంటికి మించిన పాదాలు, మసక రోజెట్లు ఉంటాయి. దూరం నుంచి తీసిన ఫోటోను పెద్దది చేసి పగటి వెలుతురులో కంటిపాప చూడండి. ఇంటిపిల్లికీ బెంగాల్‌కూ వెలుతురులో పాప నిలువు గీతలా సన్నబడుతుంది. చిరుతకు గుండ్రంగానే ఉండి చిన్నదవుతుంది. అనుమానం వస్తే దగ్గరికి పోవద్దు, తల్లి దగ్గర్లోనే ఉంటుంది. జనాన్ని వెనక్కి పంపి అటవీశాఖకు ఫోన్ చేయండి. చెరకు తోటలో కూనల్ని కూడా చేత్తో తాకకుండా, పని కాసేపు ఆపి, ఆ చోటు వదిలేస్తే తల్లి చీకటి పడ్డాక వచ్చి తీసుకుపోతుంది. వీటిలో దేన్నీ ఇంట్లో పెంచకూడదు, 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద నేరం.

10. కాగితాలు, డాక్టరు

ఒంటి గుర్తులన్నీ కుదిరాక కాగితాలు అడగండి. టీఐసీఏ లాంటి సంఘంలో నమోదైన పెడిగ్రీ కాగితం మీద తల్లిదండ్రుల పేర్లు, నంబర్లు ఉంటాయి. మైక్రోచిప్ ఉంటే 15 అంకెల నంబరు స్కానర్‌లో కనిపించాలి, కాగితం మీద నంబరుతో కలవాలి. ప్రింటు తీసిన రంగురంగుల సర్టిఫికెట్టుకు పిల్లి రూపం సరిపోకపోతే నేను పిల్లినే నమ్ముతాను.

కొన్నాక మొదటి వారంలోనే పశువైద్యుడికి చూపించండి. తిరుపతిలో వెటర్నరీ కాలేజీ ఉండటం మనకు పెద్ద అనుకూలం. టీకాలు, నట్టల మందుతో పాటు గుండె చప్పుడు వినమని చెప్పండి. గుండె కండరం మందం కావడం, కంటి రెటీనా మెల్లగా దెబ్బతినడం, పైరువేట్ కైనేజ్ లోపం వల్ల వచ్చే రక్తహీనత ఈ జాతిలో తెలిసిన జబ్బులు. చివరి రెంటికి జన్యు పరీక్షలు ఉన్నాయి. తల్లిదండ్రులకు ఆ పరీక్ష చేయించారా అని అమ్మేవాళ్లను అడగండి. ఆ ప్రశ్నకు వాళ్లు ఎలా జవాబిస్తారో చూస్తే వాళ్లు పిల్లుల్ని ఎలా పెంచుతారో కూడా తెలుస్తుంది.

ఇంత చూసినా తేలక ఇంకెవరినైనా అడగాలనుకుంటే ఫోటోలు ఇలా తీయండి: పక్క నుంచి నిలబడి ఉన్నది, ముఖం ఎదురుగా, ముఖం పక్క నుంచి, చెవుల వెనక, తోక కొన, పొట్ట, అరికాలు. అన్నీ ఉదయపు వెలుతురులో, ఫ్లాష్ లేకుండా. వాటితో పాటు పిల్లి వయసు వారాల్లో రాయండి.